సూసన్న పాటల పెట్టె

పన్నెండు శాతం. ఇందాక చూసినప్పుడు పదకొండు, దానికి ముందు తొమ్మిది. ఈ లెక్కన నూరు అయ్యేసరికి ఇంకో మూడు గంటలు, చర్చి నుంచి సిరిల్ వాళ్ళు వచ్చేది అయిదింటికి, ఇప్పుడు నాలుగు. బండి నడిపినవాడికి ఈ లెక్కలు ఎవరూ నేర్పక్కర్లేదు, వేళ్ళు ముడవకుండానే వచ్చేస్తాయి, దరిద్రం ఏమిటంటే ఇవి ఎందుకు వేస్తున్నానో నాకే తెలియడం లేదు. త్వరగా అయిపోవాలనా, అసలు అవ్వకూడదనా. అలమారా మీద వైఫై డబ్బా పక్కన, రెండు ఇటుకలు పేర్చినంత లావున, నల్లగా కూర్చుంది కొత్త పెట్టె, డిస్కుల్లో ఉన్న పాటల్ని ఫోన్లకి అందించేది. దాని మొహాన రెండు పచ్చ లైట్లు, ఒకటి నిలకడగా, ఇంకొకటి టకటకా కొట్టుకుంటూ. లోపల ఏదో గీకుతున్న సన్నని చప్పుడు. ఆ గీకుడు ఏమిటో పావుగంట క్రితం నాకు తెలిసింది. మా ఆవిడ సూసన్నకు తెలియదు. గుమ్మం పక్కన పీట మీద కూర్చుని ఉడికిన ఆలూ తొక్క తీస్తోంది, వచ్చే పిల్లలకి బజ్జీల్లాంటి చాప్‌లు వెయ్యాలని. పెట్టెకి కరెంటు అందించే ప్లగ్గు సరిగ్గా ఆమె వీపు వెనక ఉంది.

ఏరా ఏలియా, ముప్ఫయ్యారేళ్ళు ఇంజను నడిపినావు, గూడ్సు నడిపినావు, ప్యాసింజరు నడిపినావు, ఒక్క చార్జిషీటు లేకుండా దిగినావు, చివరికి ఇంట్లో కుర్చీలో కూర్చుని ఇంత పని చేస్తావా. పెట్టెలో డిస్కులు పెట్టడానికి రెండు అరలున్నాయి. ఒకదానిలో కొత్త డిస్కు, రెండోదానిలో పాతది. పాతది అంటే, పిడుగుపడి చచ్చిపోయిన మా కంప్యూటర్ లోంచి తీసిన డిస్కు, అందులో సూసన్న పాటలు. రెండు వందల పద్నాలుగు కీర్తనలు, ముప్ఫై ఏళ్ళ పాట. నేనేమనుకున్నానంటే, లోడున్న వ్యాగన్ని తెచ్చి బండికి తగిలిస్తే లోడు కూడా బండితో పాటే వస్తుంది కదా, బొగ్గు దింపేసి వ్యాగన్ తగిలించమని ఎవడైనా అంటాడా. ఈ పెట్టె అదే అంటుందట. తనలోకి వచ్చిన డిస్కుని ముందు తుడిచి, శుభ్రం చేసి, తన పద్ధతిలో గీతలు గీసుకుని, అప్పుడు గానీ వాడుకోదట. ఈ ముక్క పెట్టెతో వచ్చిన కాగితంలో నాలుగో పేజీలో ఉంది. కంటి ఆపరేషన్ అయి మూడు వారాలు, కొత్త అద్దాలు ఇంకా రాలేదు, పేజీని మొహానికి ఆనించి, ఒక కన్ను మూసి, ఇప్పుడు చదివాను. ముందు చదవాల్సింది ఇప్పుడు చదివాను. అంతా అయ్యాక.

పదమూడు. పెద్ద అంకెలు కాబట్టి అవి మాత్రం కనపడుతున్నాయి, మా అమ్మాయి షైని వదిలేసిన పాత ల్యాప్‌టాప్‌లో, తెల్ల తెర మీద నీలం అంకెలు. మనిషిని చంపడానికే అన్నట్టు అంత స్పష్టంగా. ఆ పదమూడు శాతంలో ఏ పాటలు పోయి ఉంటాయి, వరసలో పోతాయా, ఇష్టం వచ్చినట్టు పోతాయా, మొదట ఎక్కించినవి మొదట పోతే షైని బాప్తిస్మం నాటి పాట పోయి ఉంటుంది, ఆ రోజు ఇక్కడ ఖరగ్‌పూర్ చర్చిలో హార్మోనియం తిత్తి చిరిగిపోతే సూసన్న ఒక్కతే, ఏ వాయిద్యమూ లేకుండా, చంకలో పిల్లతో పాడింది. చివరి చరణంలో పిల్ల ఏడుపు కూడా టేపులో పడింది, ఆ ఏడుపుకి శ్రుతి తప్పకుండా నవ్వుతూ పాడడం కూడా వినపడేది. బయట పెద్ద వాన. కిటికీల దగ్గర సైకిళ్ళు పట్టుకుని బెంగాలీ వాళ్ళు, వర్క్‌షాపు నుంచి దిగిన వాళ్ళు, భాష తెలియని వాళ్ళు, తడుస్తూ నిలబడి విన్నారు. కీ గొలా దాదా, అన్నాడు తరవాత నాతో మా గార్డుబాబు, ఏం గొంతు అని. నాకు గర్వం. నిజం చెప్పాలంటే నాకు ఆ గొంతు చూసుకునే గర్వం, ఆ గొంతు చూసే పెళ్ళి, ఇంజను ఎక్కి రాత్రంతా ఝార్సుగూడ దాకా పోయి వచ్చినా చెవిలో అదే.

నాలుగున్నరేళ్ళ క్రితం సూసన్న మెడలో గడ్డ అన్నారు, తీసెయ్యాలన్నారు. డాక్టరు ముందే చెప్పాడు, గొంతుకి పోయే నరం గడ్డకి అతుక్కుని ఉంది, ప్రాణం చూడాలా గొంతు చూడాలా అంటే ప్రాణమే చూస్తాను అని. సంతకం నేనే పెట్టాను. ఆపరేషన్ అయి మూడో రోజున కళ్ళు విప్పి మంచినీళ్ళు అడిగింది, అడిగిందని పెదాలు చూస్తే తెలిసింది తప్ప మాట రాలేదు. తరవాత నెలలకి వచ్చిన గొంతు ఇదిగో ఇప్పుడున్నది, బొంగురుగా, సగం గాలి, మధ్య మధ్య తెగిపోతూ. మాటకి పనికొస్తుంది, పాటకి రాదు. ఒక్కసారి కూడా ఏడవలేదు ఆమె. ఏడ్చింది నేను, స్నానాల గదిలో కుళాయి విప్పుకుని. ఆ తరవాతే గోల్‌బజార్లో కంప్యూటర్ కొట్టు పెట్టుకున్న తిమోతి చేత ఇంట్లో ఉన్న క్యాసెట్లు, చర్చి వాళ్ళవి, ఖరిదా పేటలో వాళ్ళింట్లో వీళ్ళింట్లో మిగిలినవి, డెబ్బై దాకా పోగుచేసి, బూజు తుడిపించి, అన్నీ డిస్కులోకి ఎక్కించాను. ఎక్కించాక ఆ క్యాసెట్లను పాత సామాన్ల వాడికి ఇచ్చేశాను. ఇక ఎందుకు, అన్నాను. తిమోతి తన దగ్గర కొన్నాళ్ళు ఉంచిన కాపీని చోటు చాలక తీసెయ్యనా అంకుల్ అని అడిగితే తీసెయ్ నాన్నా అన్నాను. ఫోన్లో ఎక్కించుకుందామని రోజూ అనుకోవడం, రేపు రేపు అనడం. నా చేతుల్తో నేనే దారులన్నీ మూసుకుంటూ వచ్చాను, ఒక్క లైను మిగుల్చుకుని, దాని మీద నిలబడి.

"ఏటి అంత సూస్తన్నావు దానికేసి? సూస్తే బేగి అయిపోతాదేటి?" అంది సూసన్న తల ఎత్తకుండానే.

ఏమీ లేదన్నాను. ఏమీ లేదని ఎంత సులువుగా వచ్చిందో నోట్లోంచి. నోరు అంతే, అది నాతో సంబంధం లేకుండా పనిచేస్తుంది, ఈ రోజు ముంచింది కూడా అదే. ఇంజన్లో ఇద్దరుంటాం, పైలటు, అసిస్టెంటు. ఎదర సిగ్నల్ కనపడగానే ఒకడు పైకి చెప్పాలి, హోమ్ గ్రీన్ అని, అంటే స్టేషన్ ముందు సిగ్నల్ పచ్చ అని, రెండోవాడు కళ్ళతో చూసి, చెయ్యి చాపి, గ్రీన్ అని తిరిగి చెప్పాలి. రెండు నోళ్ళ మీద పడ్డాక గానీ ఆ సిగ్నల్ సిగ్నల్ కాదు. నేను అసిస్టెంటుగా చేరిన కొత్తలో ఆర్థర్ గారని పెద్ద డ్రైవరు, బాలాసోర్ దాటాక ఒకసారి కావాలనే పచ్చ లైటుకి పసుపు అని అరిచాడు. నేను చెయ్యి చాపి పసుపు అనేశాను. చెంప మీద కొట్టలేదు గానీ ఆ చూపు కొట్టినట్టే ఉంది. "నోటితో సెప్పకురా, కంటితో సెప్పు," అన్నాడు. ఆ పాఠం ఇంజన్లో ముప్ఫయ్యారేళ్ళు మర్చిపోలేదు. ఇంట్లో మర్చిపోయాను. ఎందుకంటే ఆ అలవాటు ఇంట్లోకి కూడా తెచ్చుకున్నాం ఇద్దరం, పెళ్ళైన కొత్తలో సరదాకి మొదలై, ఇరవై నాలుగు గంటలూ అదే అయిపోయింది. గ్యాస్ ఆఫ్, అంటుంది తను, ఆఫ్, అంటాను. గేటు తాళం, తాళం. బీపీ బిళ్ళ, బిళ్ళ. పక్కింటి చిట్టెమ్మ నవ్వి చస్తుంది, ఏటమ్మా మీ ఇంట్లో బండి ఎప్పుడు బయల్దేరతాది అని. బిళ్ళ అని పైకి చెప్పి, వేసుకోకుండా నిద్రపోయిన రోజులు కూడా ఉన్నాయి. అంటే అర్థం కాలేదా నీకు, ఎప్పుడో అర్థం కావాల్సింది.

కాబట్టి ఈ రోజు భోజనాలయ్యాక అలాగే కూర్చున్నాం. నాకు కళ్ళు లేవు, ఆమె మిషన్ స్కూల్లో ఇంగ్లీషు చెప్పిన మనిషి, తెర మీద వచ్చింది వచ్చినట్టు చదువుతుంది, నేను తిరిగి చెప్పి బటన్ నొక్కుతాను. లాంగ్వేజ్ ఇంగ్లీష్, అంది, ఇంగ్లీష్, నొక్కాను. టైమ్ జోన్ కోల్‌కతా, కోల్‌కతా. పాస్‌వర్డు పెట్టమంటంది, షైని పుట్టినరోజు పెట్టాం. డిస్కులు రెండు కనబడుతున్నాయి, రెండు. ఎంత హాయిగా సాగిందో, గ్రీన్ మీద గ్రీన్, పాత రోజుల్లో డౌన్ మెయిల్‌కి లైను ఇచ్చినట్టు. మనసు అప్పటికే అయిదింటికి వెళ్ళిపోయింది. సిరిల్ వస్తాడు, కోయిర్ పిల్లలు నలుగురూ వస్తారు, వాళ్ళ ఫోన్లలో ఈ పెట్టె తాలూకు యాప్ ఎక్కిస్తాను, ఏ పాట నొక్కితే ఆ పాట సూసన్న గొంతులో ఇల్లంతా నిండుతుంది. వచ్చే నెల చర్చి వార్షికోత్సవానికి ఇదే పెట్టెలోంచి పెద్ద స్పీకర్లకి ఇస్తాం, సూసన్నని ముందు వరసలో కుర్చీ వేసి కూర్చోబెట్టి శాలువా కప్పుతారు, పిల్లలు వెనక నిలబడతారు. అప్పుడు ఆమె చదివింది, ఆల్ డేటా ఆన్ దిస్ డ్రైవ్ విల్ బి ఇరేజ్డ్, కంటిన్యూ. కంటిన్యూ, అన్నాను. ఇంకో కిటికీ తెరుచుకుంది తెర మీద, ఆమె మళ్ళీ చదివింది, ఆర్ యూ షూర్, అని, మళ్ళీ ఆ వాక్యమంతా, మొదటినుంచి. ఓకే, అన్నాను, నొక్కాను. చెయ్యి కూడా చాపానేమో, నాకు గుర్తులేదు, చాపే ఉంటాను వెధవని.

ఇంగ్లీషు రాకా, వచ్చు. ఇరేజ్ అంటే తెలియకా, తెలుసు. విన్నాను, మళ్ళీ చెప్పాను, అర్థం మాత్రం పావుగంట తరవాత వచ్చింది, పెట్టె గీకుడు వింటూ కూర్చున్నప్పుడు, దేన్ని గీకుతోందిది అనుకున్నప్పుడు. పద్దెనిమిది అయింది. ఖరగ్‌పూర్లో వేసవి ఆదివారం సాయంత్రం కరెంటు పోని రోజు ఉందా అసలు, ఎప్పుడూ సరిగ్గా ప్రార్థన వేళకి పోతుంది, ఈ రోజు పోదు. పోయినా ఏమీ లాభం లేదు, కరెంటు పోతే పెట్టె పాడైపోతుందని నేనే వెతికి వెతికి బ్యాటరీ డబ్బా ఒకటి కొని మధ్యలో తగిలించాను, అరగంట నిలబెడుతుంది, ఆపాలంటే సూసన్న వెనకున్న ఆ డబ్బాలోంచి పెట్టె ప్లగ్గు పీకాల్సిందే. అన్ని జాగ్రత్తలూ తీసుకున్నాను, ఒక్కటి తప్ప. వేడి. ఫ్యాను గాలి వేడి, గోడ వేడి, ఖరిదా గేటు దగ్గర బండి కూతకి కిటికీ రెక్క వణికి ఊరుకుంది. ఈ గది పదడుగులు పన్నెండడుగులు, ఇంజను క్యాబ్ ఇంకా చిన్నది, అందులో ఎప్పుడూ ఊపిరి ఆడకపోవడం అనేది తెలియలేదు నాకు. ఇప్పుడు ఆడటం లేదు. లేచి బయటికి పోదామంటే ఆమెను దాటాలి. ప్లగ్గు పీకుదామంటే ఆమెను జరగమనాలి, జరగమంటే ఎందుకంటుంది, ఎందుకంటే చెప్పాలి. నీకు మిగిలిన గొంతు ఆ డిస్కులో ఉంది, దాన్ని నేను తుడిచేస్తున్నాను, ఇప్పటికి నూటికి పద్దెనిమిది వంతులు పోయింది, కాస్త జరుగు, అని చెప్పాలి. చెప్పగలవా. నోరు అన్నిటికీ లేస్తుంది, దీనికి లేవదు.

తిమోతికి ఫోన్ చెయ్యడానికి కూడా వీల్లేదు, పక్కనే ఉంది, వింటుంది. అతను కొట్టు ఎత్తేసి భువనేశ్వర్‌లో ఏదో కంపెనీలో చేరాడు. ఫోన్ మొహానికి ఆనించుకుని ఒక్కొక్క అక్షరం వెతుక్కుని మెసేజి పెట్టాను, పాత డిస్కు పెట్టెలో పెట్టి ఓకే కొట్టాను, పాటలుంటాయా పోతాయా అని. పంపాక ఫోన్ని తొడ కింద పెట్టుకుని కూర్చున్నాను దొంగలాగా. ఒకవేళ పోవేమో. ఒకవేళ ఈ పెట్టెకి తెలివి ఉండి, ఇందులో పాటలున్నాయి, వీడు ముసలివాడు, కళ్ళు లేనివాడు, తెలియక నొక్కాడు అని వదిలేసిందేమో. దేవా, ఇన్నాళ్ళలో నిన్ను ప్రమోషన్ అడగలేదు, కోరుకున్న డ్యూటీ లింకు అడగలేదు. ఇరవై రెండు.

ఈమె చూడు ఎంత తాపీగా తీస్తోందో తొక్క. సన్నగా, ఆలూకి దెబ్బ తగలకుండా. ఈ మధ్య ఈమె నెమ్మదించింది, నిజమే, పిడుగుపడి కంప్యూటర్ పోయిన ఈ రెండు నెలల్లో నాకు పిచ్చెక్కినట్టు ఉంది గానీ ఈమె బాగుంది. అంతకుముందు నాలుగేళ్ళూ రోజూ సాయంత్రం ప్రార్థన కాగానే ఒక పాట పెట్టేవాణ్ణి, ఆమె కుర్చీలో, నేను మంచం మీద, కళ్ళు మూసుకుని. ఎవరైనా ఇంటికి వస్తే వాళ్ళకీ పెట్టేవాణ్ణి. ఈమే పాడింది, ఈ గొంతే, అని చెప్పేవాణ్ణి, వచ్చినవాళ్ళు పాట వైపు ఒకసారి, ఆమె వైపు ఒకసారి చూసి, నిట్టూర్చేవాళ్ళు. ఆమె టీ తెస్తానని లేచిపోయేది. ఈ రెండు నెలల్లో పాట లేదు, ఇల్లు నాకు ఖాళీగా కొట్టేది, ఈమె మాత్రం గేటు దగ్గర నిలబడి కూరగాయల వాడితో బేరమాడటం మొదలుపెట్టింది, ఆ బొంగురు గొంతుతోనే, ఏ దాదా, ఎత్తో దామ్ కేనో, ఇంత ధరేమిటి అని. సండే స్కూలుకి పోయి పిల్లలకి కథ చెప్పి వచ్చింది. షైనికి తనే ఫోన్ చేసి గంట మాట్లాడింది. హోమియో మందు పనిచేస్తోందనుకున్నాను నేను, డాక్టరుకి ఫోన్ చేసి ఇంకో సీసా కూడా పంపమన్నాను. వార్షికోత్సవం సంగతి చెప్పినప్పుడు మాత్రం వద్దు అంది. ఒక్కసారే, మెల్లగా, వద్దు షైని నాన్నా అని. అణకువ అనుకున్నాను. గొప్పవాళ్ళకి అణకువ ఉంటుంది కదా. ఇరవై ఎనిమిది.

ఆలూలన్నీ అయిపోయాయి, ఉప్పు, పచ్చిమిరప, జీలకర్ర పొడి వేసి పిసుకుతోంది. మెడ మీద ఆపరేషన్ గీత, పల్చటి గొలుసులాగా. ఆ గీత కిందనుంచి వచ్చిన పాట ఎక్కడిది, ఇప్పుడు ఎక్కడ ఉంది, మనిషి ఇక్కడుంటే పాట వేరే చోట ఉండటం ఏమిటి, రేకు డబ్బాలో, అయస్కాంతం పొడిలో, అది కూడా నాకు తెలియదు, తిమోతి చెప్పాడు, పాట అంటే లోపల చిన్న చిన్న గుర్తులు అంకుల్ అని. తొడ కింద ఫోన్ కదిలింది. తీసి మొహానికి ఆనించాను. తిమోతి. అంకుల్ వెంటనే ఆపండి, పవర్ తీసెయ్యండి, ఇప్పుడు ఆపితే మిగిలింది బయటికి తియ్యొచ్చు, ఆపకపోతే మీదనుంచి రాసుకుంటూ పోతుంది, ఇక ఎవరూ తియ్యలేరు. వచ్చి ఎంతసేపయిందో చూస్తే, వచ్చి పదకొండు నిమిషాలు. మొదటిసారి కదిలింది నాకు తెలియలేదు, ఇప్పుడు కదిలింది రెండోది, ఆపారా అంకుల్, అని. ముప్ఫై ఆరు.

లే. లెమ్మని చెబుతున్నాను కాళ్ళకి. ఎదర ఎర్ర లైటు కనపడితే ఎమర్జెన్సీ బ్రేకు వెయ్యడానికి ఎంతసేపు పడుతుంది మనిషికి, అరసెకను, అది కూడా ఎక్కువే, ఇప్పుడు ఒక్కో శాతానికి రెండు పాటలు పోతున్నాయి, లెక్క వేసుకో, నీకు లెక్కలు బాగా వచ్చు కదా, కుర్చీలో కూర్చుని లెక్క వేసుకో. సిగ్గు ఏమిటంటే భయం పాటలు పోతాయని కాదు, ఆమె మొహం చూడాలని. చెప్పగానే ఆ మొహంలో ఏం వస్తుందో అది చూడలేను నేను. గొంతు పోయినప్పుడు సంతకం నాది, ఇప్పుడు ఈ వేలు నాది. ఆమెకి నా వల్ల రెండుసార్లు పోతోంది. ముప్ఫై ఎనిమిది. ఛీ, ఇంతా చేసి ఇరవై ఏళ్ళ అసిస్టెంటు వణికినట్టు వణుకుతావా. లేచాను. ఆమె వెనక్కి వంగి, గోడ పట్టుకుని, ప్లగ్గు మీద చెయ్యి వేశాను.

"తియ్యకు," అంది సూసన్న.

పిండి చేత్తోనే నా మణికట్టు పట్టుకుంది. పిసికిన ఆలూ వెచ్చగా అంటుకుంది.

"అది కాదే. తప్పు జరిగిపోనాది. నీ పాటలు తుడిసేస్తంది పెట్టె. నానే నొక్కినాను. ఒగ్గు, ఆపితే కొన్నైనా దక్కుతాయంట, తిమోతి సెప్పినాడు, ఒగ్గు సూసీ."

"తెలుసు."

"ఏటి తెలుసు?"

"సదివింది నానే కదా. ఏటి సదువుతున్నానో నాకు తెలీదేటి?"

ఏమన్నదో అర్థం కాలేదు, అంటే మాటలు అర్థమయ్యాయి, మళ్ళీ ఇందాకటి లాగే మాటలు ముందు వచ్చి అర్థం ఎక్కడో వెనక ఆగిపోయింది. తెలిసి చదివిందా. తెలిసి, నేను ఊ అంటానని తెలిసి, నా ముప్ఫయ్యారేళ్ళ అలవాటు నాకంటే బాగా తెలిసి. ఒళ్ళు మండిపోయింది నాకు, నిజంగా, ఆ వేడిలో ఇంకో వేడి. "మరి నాతో సెప్పొచ్చు కదేటే, వద్దని?"

"సెప్పినాను. మొదటిసారి సదివినాను, కంటిన్యూ అన్నావు. పోన్లే, అర్థం కాలేదేమో అని మళ్ళీ మొత్తం సదివినాను. నువ్వు వద్దనుంటే ఆపేద్దునూ. నువ్వు ఒకమాటు నాకేసి సూసుంటే ఆపేద్దునూ. రెండోమాటు నా గొంతు వణికినాది. పక్కనే కూకున్నావు. నీకు ఇనబళ్ళేదు." ఊపిరి అందక ఆగింది, గాలి పీల్చుకుంది, ఈ గొంతుతో అంత పొడుగు మాట ఆమె మాట్లాడటం నేను ఎప్పుడు విన్నానో గుర్తుకు రాలేదు. "నాలుగేళ్ళు. రోజూ దీపాలు పెట్టే యేళకి ఆ పాటల ఆవిణ్ని తెచ్చి ఇంట్లో కూకోబెట్టీవోడివి. నాను ఎదరగా కూకుని ఇనాలి. సచ్చిపోయిన మనిషికి సంవత్సరానికొకసారి చేస్తారు ఆరాధన. నాకు రోజూ చేసినావు. నాను బతికే ఉన్నాను షైని నాన్నా."

మణికట్టు వదిలేసింది. వదిలేసి, కావాలంటే పీక్కో అన్నట్టు పీట కాస్త జరుపుకుంది. చెయ్యి ఇంకా ప్లగ్గు మీదే ఉంది. ఇప్పుడు పీకితే సగానికి పైగా మిగులుతాయి. పీకవచ్చు, ఆపడానికి ఇప్పుడు ఎవరూ అడ్డం లేరు, నాకు ఇష్టమైనవి అన్నీ మిగిలిన సగంలోనే ఉండి ఉండవచ్చు. ఆమె నావైపు చూడటం లేదు, ఆలూ ముద్దలు చేస్తోంది, పళ్ళెంలో ఒక్కొక్కటే పెడుతోంది, పెట్టిన ముద్దనే మళ్ళీ తీసి, చిదిపి, మళ్ళీ చుడుతోంది. ఆమెకి నొప్పి లేదని కాదు. ఆ పాటలు పాడింది ఆమె, నేను కాదు. ప్లగ్గు మీద నుంచి చెయ్యి తీసేశాను. తీశాక ఏం చెయ్యాలో తెలియక అక్కడే, ఆమె పక్కన, గచ్చు మీద కూర్చుండిపోయాను. ల్యాప్‌టాప్ మీద నలభై ఒకటి అయింది. ఏడుపు వచ్చింది, ఈసారి కుళాయి లేదు. ఆమె ఓదార్చలేదు. "పిల్లలొచ్చీ యేళయినాది, మొకం కడుక్కో," అంది, అంతే.

కడుక్కోలేదు, అప్పటికే గేటు చప్పుడు. సిరిల్, వెనక నలుగురు ఆడపిల్లలు, చేతుల్లో ఫోన్లు, చెప్పులు విప్పుకుంటూ నవ్వుకుంటూ. లేవబోయాను, చెప్పడానికి, నేనే చెప్పాలి కదా, తప్పు నాది కదా. సూసన్న ముందే లేచి చీర కొంగుకి చేతులు తుడుచుకుంటూ గుమ్మంలో నిలబడింది.

"పాటలు లేవర్రా. అన్నీ పోనాయి," అంది.

సిరిల్ మొహం పాలిపోయింది. "పోయాయా? అన్నీనా ఆంటీ? ఎలా మరి, ఫంక్షన్‌కి..." అంటూ గచ్చు మీద కూర్చున్న నావైపు చూశాడు.

"ఎలాగేటి, మీకు నోళ్ళు లేవా? కూకోండి. వరస నాకు గుర్తుంది, నాను సెప్తాను. నా గొంతు ఇలాగే ఉంటాది, నవ్వితే నవ్వండి, మళ్ళీ అనండి."

చాప పరిచారు. ఆ పిల్లల్లో పెద్దది, మీనాకుమారి అనుకుంటా, ఏ పాట ఆంటీ అంది. సూసన్న చెప్పలేదు, మొదలుపెట్టింది. మొదటి మాట గాలిగా వచ్చింది, రెండో మాట తెగింది, మూడోది శ్రుతి మీద పడి జారిపోయింది, మళ్ళీ పట్టుకుంది, పట్టుకోలేక దగ్గి, నవ్వి, మళ్ళీ మొదటినుంచి. పిల్లలు నవ్వలేదు. తిరిగి అన్నారు. నేను గోడకి ఆనుకుని వింటున్నాను. చెవులు మూసుకుందామనిపించింది. బాగులేదు ఆ పాట, ఎంత ప్రేమతో విన్నా బాగులేదు, నాకు నచ్చలేదు. లేచి వెళ్ళిపోదామనుకున్నాను, వెళ్ళలేదు. నాలుగేళ్ళుగా నాతో ఇంట్లో ఉన్నది ఈ గొంతే, ఈ రోజే విన్నాను.